ముందు పెట్టిన పేరు

బిచ్చయ్య గాజు గొట్టాన్ని డబ్బా అంచుకు ఆనించి ఒక్కొక్క చిమ్మటనే లోపలికి తీసుకుంటున్నాడు. తొందరపడితే రెక్క విరుగుతుంది. ఇరవై ఆరేళ్లుగా ఈ పని నిదానంగానే చేశాడు. ఇవాళ మాత్రం చూపు మాటిమాటికీ పక్క గది వైపు పోతోంది.

పక్క గదిలో రెండు గూళ్లు నల్లబడ్డాయి.

నిన్న సాయంత్రం దాకా అవి బూడిద రంగులో, బియ్యపు గింజంత, కదలకుండా ఉన్నాయి. ఈ పొద్దున ఆరున్నరకు చూస్తే పలచని గోడల వెనక నల్లటి నీడ కనిపించింది. అంటే లోపలి కందిరీగలు తయారయ్యాయి. రెండు గంటలు పట్టొచ్చు, నాలుగు గంటలు పట్టొచ్చు. మధ్యాహ్నం దాటదు. రెండింటిలో ఒక్కటైనా మగది కావాలి. మగది దొరికితే ఆ పురుగుకు పేరు వస్తుంది. దొరక్కపోతే ఎక్కడో, ఎవరో, తమకు తోచిన పేరు పెట్టేస్తారు.

తాండూరు బయట, నాపరాళ్లు కోసే మిషన్ల మోత దాటాక, రేకుల కప్పు వేసిన ఆ కేంద్రంలో పని ఒక్కటే. పురుగుల మీదికి పురుగులను వదలడం. జొన్న రవ్వ పోసిన డబ్బాల్లో చిమ్మటలను పెంచుతారు. వాటి గుడ్లను జల్లెడ పట్టి, జిగురు రాసిన అట్టముక్కల మీద చల్లుతారు. ఆ గుడ్లలో కంటికి ఆననంత చిన్న కందిరీగలు తమ గుడ్లు పెడతాయి. చిమ్మట రావలసిన గుడ్డులోంచి కందిరీగ వస్తుంది. రైతు ఆ అట్టను తీసుకుపోయి కంది ఆకు కింద గుచ్చితే, అక్కడా అదే కథ నడుస్తుంది. కాయతొలుచు పురుగు పుట్టకముందే గుడ్డులో చస్తుంది.

చిమ్మటల రెక్కల పొడి గదంతా తేలుతుంది. ముక్కుకు తువ్వాలు కట్టుకున్నా బిచ్చయ్య మీసాల మీద, కనుబొమల మీద ఆ పొడి బూడిదలా పేరుకుంటుంది. పొడుగాటి మనిషి. భుజాల ఎముకలు చొక్కాను పైకి ఎత్తి పట్టుకుంటాయి. దగ్గు వచ్చినప్పుడు గోడకు చెయ్యి ఆనించి, అది పూర్తయ్యేదాకా వేచి, మళ్లీ పని అందుకుంటాడు. ఈ గదిలోకి ఇక పోవద్దని ఛాతీ డాక్టరు మూడు నెలల కిందటే చెప్పాడు. ఆ చీటీ మడతపెట్టి ఎక్కడో దాచాడు. ఎక్కడ దాచాడో ఇప్పుడు ఆయనకే గుర్తులేదు.

ఆ కందిరీగను పట్టింది ఆయనే. గొర్రెల కాపరి కొడుకు. చిన్నప్పుడు మూడు వందల గొర్రెల మందలో పరాయి గొర్రె చేరితే నడక చూసి చెప్పేవాడు. నిరుడు యాలాల్ దగ్గర ఒక కందిచేలో కాయతొలుచు పురుగులను ఏరుకొచ్చి పెంచుతుంటే, వాటి ఒళ్లు చీల్చుకొని వచ్చిన కందిరీగల్లో రెండు తేడాగా నడిచాయి. వెనక కాలు ఈడ్చినట్టు నడక. అద్దం పెట్టి చూస్తే ఆ కాలి మీద తెల్లటి చుక్క. రెండూ ఆడవే.

కందిరీగల మీద పరిశోధన చేసే వైశాలి ఆ రెండింటినీ చూసి, కుర్చీలోంచి లేచి, మళ్లీ కూర్చుంది.

"బిచ్చయ్య గారూ, దీనికి ఇంతవరకు పేరు లేదు," అంది.

మగది కూడా ఉంటేనే ఇది కొత్త జాతి అని గట్టిగా చెప్పగలనని, ఈ కుటుంబంలో ఆడవన్నీ దాదాపు ఒకేలా ఉంటాయని వివరించింది. ప్రతి పురుగుకూ రెండు పేర్లుంటాయనీ, మొదటిది కుటుంబానిదనీ, రెండోది దాని సొంతమనీ చెప్పింది.

"గట్లనా. మన లెక్కనే. ఇంటిపేరు ముందల," అన్నాడు బిచ్చయ్య.

ఆమె ఇంకో మాట కూడా చెప్పింది. ఎవరు ముందు అచ్చు వేస్తే వాళ్లు పెట్టిన పేరే నిలుస్తుంది. వందేళ్లయినా ఎవరూ మార్చలేరు. ఆ మాట బిచ్చయ్య చెవిలో పడి అక్కడే ఉండిపోయింది. ఆయన మనసులో ఒక పేరుంది. దాన్ని ఇప్పటిదాకా ఎవరికీ చెప్పలేదు. ఈ ఏడు మళ్లీ ఆ చేలోనే పురుగులను ఏరుకొచ్చి పెంచితే, అలాంటి గూళ్లు ఈ రెండే పడ్డాయి.

రెండు రోజుల కిందట ఆమె ఫోన్ చేసింది. వేరే దేశంలో ఒకాయన ఇలాంటి పురుగు మీదే రాస్తున్నాడట. వచ్చే నెల మొదట్లో అచ్చవుతుందట. తాను అనంతగిరి అడవిలో ఉన్నానని, గురువారం పదకొండూ నలభైకి వికారాబాద్‌లో హైదరాబాద్ బండి ఎక్కి, అటునుంచి ఢిల్లీ పోయి పాత నమూనాలతో పోల్చి చూస్తానని చెప్పింది. మగది దొరికితే ఆలోగా అందించమంది.

ఈ రోజే గురువారం.

బిచ్చయ్య గొట్టం పక్కన పెట్టి, చేతులు కడుక్కొని, గూళ్ల గదిలోకి నడిచాడు. గూళ్లు ఉంచిన ప్లాస్టిక్ కప్పు వంక చూసి ఆగిపోయాడు. ఒక గూడుకు కొన దగ్గర గుండ్రటి మూత తెగి పక్కకు వాలింది. లోపల ఖాళీ. కప్పు మీద కట్టిన గుడ్డ ఒక మూల వదులైంది. ఆ సందులో చిటికెన వేలు దూరుతుంది.

కిందా మీదా వెతికాడు. బల్ల కింద, బల్బు చుట్టూ, గోడ మూలల్లో. ఎగిరే పురుగు వెలుతురు వైపే పోతుంది. ఈ గదికి కిటికీ లేదు. వెలుతురు వచ్చేది తలుపు సందులోంచి, అవతలి చిమ్మటల గది కిటికీ నుంచి.

ఆయన చేతులు కడుక్కునేలోగా ఆ గదిలోకి వచ్చిన రజిని కిటికీ దగ్గర నిలబడి ఉంది. పదేళ్లుగా అక్కడే పనిచేస్తున్న మనిషి. పని నేర్పింది బిచ్చయ్యే. చేతిలో మడిచిన అట్ట పట్టుకొని నవ్వుతోంది.

"కాకా, పొద్దుపొద్దుగాల్నే ఒక బ్రాకాన్ దొర్కింది. ఒక్కటే దెబ్బ."

చిమ్మటల గదికి బ్రాకాన్ అనే కందిరీగ శత్రువు. చేలో అది రైతుకు మేలే చేస్తుంది. ఈ గదిలోకి ఒక్కటి దూరితే మాత్రం వారంలో వందల చిమ్మట పురుగులను పొడిచి కూర్చోబెడుతుంది. అట్టలు ఆగిపోతాయి. అందుకే ఈ గదిలో పనిచేసేవాళ్లు నేర్చుకునే మొదటి పాఠం ఒకటే. కందిరీగ కనిపిస్తే కొట్టాలి. ఏ కందిరీగ అని ఆలోచించకూడదు. ఆ పాఠం చెప్పేది కూడా బిచ్చయ్యే.

ఆయన అద్దం తీసి కిటికీ గాజుకు కన్ను ఆనించాడు. సగం ఒళ్లు గాజుకు అంటుకుపోయింది. ఒక వెనక కాలు మాత్రం చెదరకుండా మిగిలింది. దాని మీద తెల్లటి చుక్క. పొడుగాటి మీసాలు. తోక దగ్గర నుజ్జయిన చోట గుడ్లు పెట్టే సూది లేదు.

"మగది," అన్నాడు.

రజిని నవ్వు ఆగింది. "ఏంది మగది?"

ఆయన పక్క గది వైపు చూశాడు. ఆమె కూడా చూసింది. చేతిలోని అట్ట కింద పడింది.

"అయ్యో కాకా. నాకేం తెల్సు. మల్లొక్కసారి సూసిన్నంటే అయిపోవు."

"సూడొద్దని నేనే గద చెప్పిన." గొంతులో కోపం లేదు. "గుడ్డ సక్కగ కట్టంది గూడ నేనే. ఏడ్వకు. ఇంకొకటున్నది."

ఫోన్ చేస్తే వైశాలి ఒకటే అడిగింది. తోక భాగం మిగిలిందా? మిగల్లేదు. ఆమె రైలు వేళలు చూసుకుంది. తర్వాత, "రెండో గూడు తీసుకొని వచ్చేయండి. దారిలో వచ్చినా పరవాలేదు, గొట్టంలోనే ఉంటుంది. పదకొండూ నలభై దాకా ప్లాట్‌ఫాం మీదే ఉంటా," అంది.

వికారాబాద్ ప్యాసింజర్‌కు ఇంకా ఇరవై రెండు నిమిషాలుంది. రజిని స్కూటీ తీసింది. గూడును చిన్న గాజు గొట్టంలో వేసి, మూతికి దూది పెట్టి, చొక్కా లోపలి జేబులో పెట్టుకున్నాడు బిచ్చయ్య. చలి రోజులు కాబట్టి ఒంటి వేడి దానికి మేలు చేస్తుంది. ఎగుడుదిగుడు రోడ్డు మీద ఆయన ఒక చేత్తో సీటును, ఇంకో చేత్తో గుండెను పట్టుకొని కూర్చున్నాడు.

బండి కదులుతుండగా ఎక్కాడు. ఎక్కాక రెండు నిమిషాలు దగ్గాడు. కిటికీ పక్కన జాగా ఇచ్చిన రైతు, మల్లప్ప అని చెప్పుకున్నాడు. ధారూర్ దగ్గర ఆరెకరాల కంది ఉందట. బిచ్చయ్య కూర్చోబోయి, ముక్కు ఎగరేసి, మళ్లీ లేచాడు.

"కూసో పెద్దమనిషీ, జాగున్నది గద."

"నీ సంచిల మందున్నది."

"ఔ. కందికి పురుగువడ్డది. కొట్టాలె."

"మూత వదులైంది. వాసనొస్తున్నది."

మల్లప్ప వాసన చూశాడు. "నాకేం వస్తలేదు."

"నీకు రాదు. దీనికొస్తది." బిచ్చయ్య జేబులోంచి గొట్టం తీశాడు. "ఈ వాసనకు గిది పుట్టకముందే సస్తది."

చుట్టూ ఉన్న తలలన్నీ వంగాయి. సేడం నుంచి వస్తున్న ముసలామె, కుంకుమ బొట్టు రూపాయంత పెట్టుకున్నది, కళ్లు చికిలించి "ఏనప్పా అదు?" అని, అదేమిటని కన్నడంలో అడిగింది. పురుగు సంగతి, పేరు సంగతి, ల్యాబు అట్టల సంగతి బిచ్చయ్య చెప్పాడు. తెలుగు ఆమెకు బాగానే అర్థమైంది.

"పురుగుకు పేరా?" అన్నాడు మల్లప్ప. "నా మనుమనికి మూడు నెలలైంది. మా కోడలు ఇంక ఫోన్లనే ఎతుకుతున్నది. నువ్వేమో పురుగుకు పేరు వెట్టనీకి బండెక్కినవు. తొట్టెల పండుగెప్పుడు? మమ్ముల పిల్వవా?"

అందరూ నవ్వారు. బిచ్చయ్య కూడా నవ్వాడు. కానీ వాసన తగ్గలేదు. తలుపు దగ్గరికి పోయి, గాలి వచ్చే వైపు గొట్టం పట్టుకొని నిలబడ్డాడు. చల్లగాలి ఛాతీలోకి సూదుల్లా దిగింది. దగ్గు ఆగడం లేదు. దగ్గిన ప్రతిసారీ గొట్టం ఊగుతోంది.

మల్లప్ప ఒక నిమిషం చూశాడు. రెండు నిమిషాలు చూశాడు. లేచి, సంచిని తువ్వాలులో చుట్టి, అవతలి తలుపు దగ్గరికి తీసుకుపోయి, చెయ్యి బయటికి చాపి పట్టుకున్నాడు.

"ఏయ్, వచ్చి కూసో. నేను గిట్లనే నిలవడ్త ధారూర్ దాంక. నీ పురుగు పాడుగాను."

బిచ్చయ్య తిరిగి కూర్చోగానే గూడు కదిలింది.

కొన దగ్గర సన్నటి గీత పడింది. లోపలి దవడలు ఒక్కొక్క పోగు కొరుకుతూ గుండ్రంగా తిరుగుతున్నాయి. ఎవరో పిల్లను ఎత్తుకొని చూపించారు. మూత పైకి లేచింది. ముందు రెండు మీసాలు. ఊగుతూ, గాలిని తడుముతూ. తర్వాత తల. తర్వాత ముందు కాళ్లు గూటి అంచును పట్టుకొని ఒళ్లంతా బయటికి లాగాయి. తడి రెక్కలు. వెనక కాలు. తెల్లటి చుక్క.

"వచ్చింది, వచ్చింది," అంటోంది ముసలామె.

బిచ్చయ్య గొట్టం తిప్పాడు. ఊపిరి బిగబట్టి తోక వైపు చూశాడు.

సూది ఉంది.

గొట్టాన్ని మెల్లగా ఒడిలో పెట్టుకున్నాడు. బండి చప్పుడు మళ్లీ వినిపించసాగింది.

"ఏమైంది?" అవతలి తలుపు నుంచి మల్లప్ప కేక.

"ఆడిది."

ముసలామె ఊరుకోలేదు. తెలుగులోనే అందుకుంది. "ఆడిబిడ్డ పుట్టంగనే మొఖం గట్ల మాడుస్తవేందయ్యా? నువ్వు మొగోని కడుపులకెల్లి వచ్చినవా?"

"గట్ల గాదమ్మా. ఇయ్యాల మగది గావాలె."

"ఫికర్ జెయ్యకు," అన్నాడు మల్లప్ప. సంచి ఇంకా బయటే వేలాడుతోంది. "పెండ్లి జేసి ఇడువు. కొడుకు పుడ్తడు."

రైలు డబ్బా అంతా మళ్లీ నవ్వింది. బిచ్చయ్య నవ్వలేదు. గొట్టం వైపు చూస్తూ ఉండిపోయాడు. పెండ్లి. దీనికి పెండ్లి కాలేదు. ఇది గాజులోనే పుట్టింది, మగవాసన ఎరగదు. ఒక చలికాలం ల్యాబులో అట్టలు పాడైనప్పుడు, ఒంటరిగా పుట్టిన ఆడ కందిరీగలను ఆయన వేరు వేరు గొట్టాల్లో వేసి చూశాడు. అవి గుడ్లు పెట్టక మానలేదు. వాటిలోంచి వచ్చినవన్నీ మగవే. ఒక్క ఆడది కూడా రాలేదు.

ఆయన లేచి నిలబడ్డాడు. ఎందుకు లేచాడో ఎవరికీ తెలియలేదు.

"మల్లప్పా, నీ నోట్ల చెక్కరెయ్య. పెండ్లి మాత్రం జెయ్యనే జెయ్య."

వెంటనే రజినికి ఫోన్. "యాలాల్ చేనుకు వో. మందు కొట్టంది గదే ఒక్కటి. సన్నపు పురుగులు గావాలె, దారమంతవి. పూలల్ల ఉంటయి. ముప్పై తే. ఒక్కోదాన్ని ఒక్కో కప్పుల వెయ్యి, లేకుంటె ఒకదాన్నొకటి తింటయి."

"కాకా, ఏమైంది?"

"వచ్చి చెప్త. వో."

ధారూర్‌లో మల్లప్ప దిగాడు. దిగి, కిటికీ దగ్గరికి వచ్చి, సంచి వైపు ఒకసారి, గొట్టం వైపు ఒకసారి చూశాడు. "గిది కొడ్తె మా చేన్ల గివి గూడ సస్తయంటవా?" అని అడిగాడు.

"సస్తయి."

"మరి నువ్విచ్చే అట్టలెక్కడ దొర్కుతయి?"

బండి కదిలింది. బిచ్చయ్య తలుపు దాకా పోయి ల్యాబు దారి అరిచి చెప్పాడు.

వికారాబాద్‌లో పదకొండూ పది. వైశాలి రెండో ప్లాట్‌ఫాం చివర బెంచీ మీద పెట్టెలు పేర్చుకొని నిలబడే ఉంది. ముప్పై అయిదేళ్ల మనిషి, అడవి ముళ్లు గీరిన చేతులు. గొట్టం అందుకొని ఎండకు పట్టింది. ముఖం వాడిపోయింది.

"మూడో ఆడది," అంది. "సరే. నమూనాగా పనికొస్తుంది," అని స్పిరిట్ సీసా మూత తిప్పింది.

బిచ్చయ్య గొట్టం వెనక్కు తీసుకున్నాడు. ఆఫీసర్ల చేతిలోంచి వస్తువు తీసుకోవడం ఆయన జన్మలో అదే మొదటిసారి.

"దీన్ని సంపొద్దు మేడం. దీనికి మగని మొఖం తెల్వదు. పురుగులిస్తె గుడ్లు పెడ్తది. అన్నీ కొడుకులే."

వైశాలి సీసా మూత బిగించింది. తర్వాత తల కొట్టుకొని నవ్వింది. "పిల్లలకు ప్రతి ఏడూ పాఠం చెప్తాను. ఈ హడావిడిలో నాకే తట్టలేదు." వేళ్లు మడిచి లెక్కపెట్టింది. "పదిహేను రోజులు పడుతుంది. పదహారో రోజు నేను తిరిగొస్తా. ఒక్క రోజు ఆలస్యమైనా ఆయన కాగితం ముందు వచ్చేస్తుంది. ముప్పై పురుగులను విడివిడిగా సాకాలి, రోజూ మేత మార్చాలి. ఎవరు చేస్తారు?"

"నేనున్న గద."

"మీ దగ్గు..."

"దగ్గు దాని పని అది జేస్తది. నా పని నేను జేస్త."

ఆమె పుస్తకం తెరిచింది. పెన్ను తీసింది. "అయితే ఒకటి ఇప్పుడే తేల్చుకుందాం. దీన్ని పట్టింది మీరు. మీ పేరే పెడుతున్నా."

"వద్దు."

"ఎందుకు?"

బిచ్చయ్య బెంచీ చివర కూర్చున్నాడు. "గది నా పేరు గాదు మేడం. మా అవ్వకు నాకంటె ముందల ముగ్గురు పోయిన్రు. ఇరవై ఒక్క దినాలు గూడ నిలవలే. పేర్లు వెట్టకముందే పోయిన్రు. నేను పుట్టంగనే చాటల ఏస్కపోయి పెంటకుప్ప మీద పండవెట్టిన్రు. సావు సూసి, ఇది పారేసిన సొమ్ము, నాకెందుకు అని పోవాలె. పక్కింటి శంకరమ్మ వచ్చి ఎత్తుకున్నది. పిల్లలు లేని మనిషి. నేను ఆమె కొడుకునైన. మల్ల మా అవ్వ ఆమె గడప కాడికి వోయి, కొంగు వట్టి, బిచ్చమడిగి తెచ్చుకున్నది. అందుకే బిచ్చయ్య. సావును మోసం జెయ్యనీకి వెట్టింది. పని జేసింది. యాబై ఏడేండ్లు నిలవెట్టింది. ఇంక దాన్ని పురుగు మీద ఎందుకెయ్యాలె?"

మైకులో బండి వస్తోందని చెబుతున్నారు.

"అందరూ గది ఒక ఆట అనుకున్నరు. శంకరమ్మ నిజమనుకున్నది. నాకు జరమొస్తె మా అవ్వకంటె ముందల ఉరికొచ్చేది. నడివీధిల ఎవ్వలడిగినా నా కొడుకు అనేది. ఆమె పోయిననాడు నన్ను పాడె ముట్టనియ్యలే. నువ్వెవ్వనివిరా అన్నరు ఆమె మరిది కొడుకులు. నా బిడ్డకు ఆ పేరు వెడ్దామంటె, ముసలి పేరు అని మా ఇంటిది అంబిక అని వెట్టింది. ఆమె ఇల్లు గూడ లేదిప్పుడు. ఆ పేరు యాడ లేదు."

"శంకరమ్మ," అంది వైశాలి రాసుకుంటూ.

"ముందల వెట్టినోళ్లదే నిలుస్తదంటిరి గద."

"నిలుస్తుంది. ఆడవాళ్ల పేరైతే లాటిన్‌లో చివర 'ఏ' చేరుతుంది. శంకరమ్మే అవుతుంది."

"శంకరమ్మే," అని ఒకసారి అనుకున్నాడు బిచ్చయ్య. బండి ఆగింది. ఆమె పెట్టెలు ఆయనే ఎక్కించాడు. మెట్టు మీద నిలబడి ఆమె వేలు చూపించింది. "పదహారో రోజు."

తిరుగు బండిలో గొట్టం దూదికి రెండు చుక్కల తేనెనీళ్లు తడిపాడు. కందిరీగ తాగింది. రెక్కలు ఆరి, నీలంగా మెరుస్తున్నాయి.

తాండూరు స్టేషన్ బయట రజిని మోకాళ్ల దాకా కంది పూల పుప్పొడితో నిలబడి ఉంది. స్కూటీ హ్యాండిల్‌కు రెండు సంచులు.

"ఇరవై ఏడు కాకా. ముప్పై దొర్కలే. పక్క చేనాయన మందు పంపు ఎత్తుకొని వస్తుండె. గాలి ఇటుదిక్కే ఉన్నది. నేనే అడ్డంబోయిన. అర్ధగంట ఆగు, లేకుంటె నన్ను గూడ కొట్టుమన్న."

"కొట్టిండా?"

"చాయ్ తాగనీకి వోయిండు."

ల్యాబులో మధ్యాహ్నం మూడున్నర. తలుపులు మూశారు. సందులకు తడిగుడ్డ కుక్కారు. కప్పులో దారమంత పురుగును వేసి, కందిరీగను వదిలాడు బిచ్చయ్య. అది గోడ ఎక్కింది. దిగింది. మీసాలు సవరించుకుంది. పురుగు వైపు చూడనే లేదు. అయిదు నిమిషాలు. పది. రజిని పెదవి కొరుక్కుంటోంది.

"ఆకలైతలేదా కాకా దానికి?"

"తినేది గాదు. ఆగు."

ఆయన కంది పువ్వు ఒకటి తెంపి, పురుగు కొరికిన చోట వేలితో నలిపి కప్పులో వేశాడు. చేలో పురుగు తింటున్నప్పుడు వచ్చే వాసన అది. కందిరీగ మీసాలు టక్కున నిలబడ్డాయి. వెనక కాలు ఈడ్చుకుంటూ నడిచింది. పువ్వు చుట్టూ ఒక ప్రదక్షిణ. ఆగింది. తోక ముందుకు వంచి, రెప్పపాటులో పొడిచింది. పురుగు ఒకసారి మెలికపడి, మళ్లీ పూరేకు తినసాగింది.

"ఒకటి," అన్నాడు బిచ్చయ్య.

అయిదున్నరకు తొమ్మిది. ఆ తర్వాత అది గోడ పట్టుకొని కదలలేదు. తొమ్మిది కప్పులూ వరసగా పెట్టి, గుడ్డలు తానే కట్టి, ఒక్కొక్క ముడినీ గోరుతో లాగి చూశాడు. తల్లిని వేరుగా పెట్టాడు. బయటికి వచ్చి మెట్టు మీద కూర్చున్నాడు. మీసాల మీద పొడి తుడుచుకోలేదు. రజిని చాయ్ తెచ్చింది. ఇద్దరూ తాగారు, బరువు దించిన కూలీల్లా.

తర్వాత తొమ్మిది రోజులు ఆయన పొద్దున ఆరింటికే వచ్చాడు. మేత మార్చాడు. ఏడో రోజు నుంచి పురుగులు తినడం మానేశాయి. ఎనిమిదో రోజున మొదటి గూడు పడింది. తొమ్మిదో రోజుకు ఏడు. మిగతా రెండూ ఎండిపోయాయి. ఏడు చాలన్నాడు. చిమ్మటల గది పని ఇక నుంచి నువ్వే చూసుకొమ్మని రజినికి చెప్పి, ఎప్పుడూ లేనిది నాలుగింటికే ఇంటికి పోయాడు.

పదో రోజు రాలేదు. ఫోన్ చేస్తే ఆయన కూతురు అంబిక ఎత్తింది. దగ్గు ఎక్కువైందని కోట్‌పల్లి నుంచి ముందురోజే వచ్చిందట. పొద్దున చాయ్ తాగి, గ్లాసు కింద పెట్టి, గోడకు ఆనుకున్నాడట. నిద్రపోయాడనుకుందట.

పదిహేనో రోజు ఏడు గూళ్లూ తెరుచుకున్నాయి. ఏడూ మగవే. పదహారో రోజు వైశాలి వచ్చింది. చాలాసేపు మెట్టు మీద కూర్చుంది. తర్వాత లోపలికి వచ్చి పని చేసింది. ఆమె కాగితం ఆ పరదేశి కాగితం కంటే ఒక్క రోజు ముందు అచ్చయింది. అందులో పేరు శంకరమ్మే. ఆ పేరు ఎవరిదో రెండు వాక్యాల్లో రాసింది. పట్టిన మనిషి బిచ్చయ్య, తాండూరు.

ఆ పదహారో రోజునే, ఏడు మగవాటినీ పెట్టెలో సర్దుకుంటూ ఆమె అడిగింది. "తల్లి ఏది? చనిపోయినా సరే, దాన్నీ పక్కనే పెడతాను."

రజిని గూళ్ల గదిలో వెతికింది. లేదు. చివరికి వెనక వరండాలో, కంది మొక్కల వైపు ఉన్న పిట్టగోడ మీద దొరికింది, బిచ్చయ్య ఆ కందిరీగను పెట్టిన కప్పు. మూతికి కట్టిన గుడ్డ విప్పి, నాలుగు మడతలు వేసి కింద పెట్టి ఉంది. కట్టిన దారం దాని మీద. లోపల చచ్చిన పురుగు లేదు, రెక్క లేదు. కప్పు గోడకు వేలితో రాసిన తేనె చార మాత్రం ఎండలో ఇంకా జిగటగా మెరుస్తోంది.